వీల్‌చెయిర్, చంక కర్రలు, ఒంటి చెయ్యి: హైదరాబాద్ వీధుల్లో ఫోటోలు తీయడానికి పనికొచ్చే అమరికలు

మోజంజాహీ (థ్రెడ్ మొదలుపెట్టినవారు)

ఇక్కడ వీధి ఫోటోగ్రఫీ మీద థ్రెడ్లకు కొదవ లేదు. అన్నింట్లోనూ మొదటి సలహా మాత్రం ఒకటే: "ఇంకో రెండడుగులు దగ్గరికి వెళ్లండి." వీల్‌చెయిర్‌లో ఉన్నవాళ్లకి ఆ రెండడుగుల్లో ఒక మ్యాన్‌హోల్ మూత, ఒక జానెడు గట్టు, అడ్డంగా పెట్టిన బైకు ఉంటాయి. చంక కర్రలతో నడిచేవాళ్లకి రెండు చేతులూ కర్రలకే సరిపోతాయి, కెమెరా పట్టుకోవడానికి మూడో చెయ్యి లేదు. ఒక చెయ్యి మాత్రమే పనిచేసేవాళ్లకి మార్కెట్లో దొరికే ప్రతి కెమెరా కుడిచేతి వాళ్ల కోసమే చేసినట్టుంటుంది.

ఈ థ్రెడ్‌లో స్ఫూర్తి కథలు, మెచ్చుకోళ్లు వద్దు. పని జరిగే మాటలు కావాలి: కెమెరా ఎక్కడ బిగించాలి, ఏ సెట్టింగ్ పెట్టాలి, ఏ గల్లీలో ఏ వేళకి చక్రం తిరుగుతుంది, ఏది ఎందుకు విఫలమవుతుంది. తెలిసినవాళ్లు కొలతలతో సహా రాయండి.

---

రెండుచక్రాలు

మంచి థ్రెడ్. వీల్‌చెయిర్ సంగతి నేను మొదలుపెడతాను.

ముందు ఎత్తు. కుర్చీలో కూర్చున్నప్పుడు కంటి ఎత్తు నేల నుంచి సుమారు 115 సెం.మీ. ఎదుట నిలబడ్డ మనిషి ముఖం 160 సెం.మీ. దగ్గర ఉంటుంది. అంటే 45 సెం.మీ. తేడా. మనిషి 1.5 మీటర్ల దూరంలో ఉంటే కెమెరాని 17 డిగ్రీలు పైకెత్తాలి. గోడలు వెనక్కి వాలిపోతాయి, ముక్కు రంధ్రాలు కనిపిస్తాయి, వెనక ఆకాశం తెల్లగా కాలిపోతుంది. అదే 3 మీటర్ల దూరంలో ఎనిమిదిన్నర డిగ్రీలు చాలు. కాబట్టి నిలబడ్డవాళ్లని తీయాలంటే "దగ్గరికి వెళ్లు" అన్న సూత్రాన్ని పక్కనపెట్టి 3 మీటర్ల దగ్గర ఆగండి.

ఇంకో పద్ధతి ఉంది. ఫుల్‌ఫ్రేమ్ (35 మి.మీ. ఫిల్మ్ అంత సెన్సర్ ఉన్న) కెమెరాలో 28 మి.మీ. లెన్స్‌ని నిలువు ఫ్రేమ్‌లో పెట్టి, అసలు పైకెత్తకుండా, నేలకి సమాంతరంగా తీయండి. 3 మీటర్ల దూరంలో కెమెరా ఎత్తు నుంచి పైకి సుమారు 1.9 మీటర్లు కవర్ అవుతుంది. ముఖం హాయిగా పడుతుంది. కింద నేల ఎక్కువగా వస్తుంది, దాన్ని తర్వాత కత్తిరించుకోవచ్చు. గోడలు నిటారుగా ఉంటాయి. 24 మెగాపిక్సెళ్లున్న కెమెరాలో ఈ కత్తిరింపు వల్ల నష్టమేమీ లేదు.

కూర్చుని అమ్మేవాళ్లు, పిల్లలు, చెప్పులు కుట్టేవాళ్లు, ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద పుస్తకాల దగ్గర వంగి వెతికేవాళ్లు: వీళ్ల ముఖాలు 115 సెం.మీ.కి దగ్గరగానో ఇంకాస్త కిందో ఉంటాయి. నిలబడి తీసేవాళ్లు మోకాళ్ల మీద కూర్చుంటే గానీ రాని ఎత్తు ఇది. ఈ ఎత్తుకి తగిన విషయాలు వెతుక్కుంటే సగం సమస్య తీరిపోతుంది.

బ్యాగు విషయం చాలా ముఖ్యం. వెనక హ్యాండిళ్లకి బ్యాగు తగిలించొద్దు. నాలుగైదు కిలోల బరువు వెనక వేలాడుతుండగా ర్యాంప్ ఎక్కితే ముందు చక్రాలు లేచి కుర్చీ వెనక్కి పడుతుంది. బరువంతా సీటు కింది నెట్‌లో గానీ ఒళ్లో గానీ ఉండాలి. వెనక పడకుండా ఆపే చిన్న చక్రాలు ఉంటే పట్టణంలో వాటిని తీసేయకండి.

---

పత్తర్‌గట్టి

జాగల గురించి నేను చెప్త.

మెట్రోల పోవాలంటే ఎంజీబీఎస్ స్టేషన్ల దిగాలె, లిఫ్ట్ ఉంటది. ఆడికెల్లి చార్మినార్ రెండు కిలోమీటర్ల లెక్క. అఫ్జల్‌గంజ్, నయాపుల్, మదీనా, పత్తర్‌గట్టి, గుల్జార్ హౌజ్, ఇదే వరుస. నయాపుల్ కాడ బస్సులు, ఆటోలు ఒకదాన్నొకటి తోసుకుంటయి, ఆ ముక్క ఆటోల దాటుడే మంచిది. మడిచే కుర్చీ అయితే ఆటో వెనక సీట్ల పడ్తది, గట్టి ఫ్రేమ్ అయితే చక్రాలు ఊడదీయాలె.

పొద్దుగాల ఆరున్నర నుంచి ఎనిమిది దాంక చార్మినార్ చుట్టూ ఖాళీగుంటది. చాయ్ తాగెటోళ్లు, పావురాలకు గింజలేసెటోళ్లు, ఊడ్చెటోళ్లు ఉంటరు. లాడ్ బజార్ దుకాణాలు పదకొండు కాకముందు మొత్తం తెరవరు. తొమ్మిదింటికి పోతె మూసిన షటర్లే దొరుకుతయి.

వెలుతురు సంగతి. నయాపుల్ నుంచి చార్మినార్ దాంక రోడ్డు ఉత్తరం-దక్షిణం. పొద్దున ఎండ పడమటి దిక్కు కమాన్ల మీద పడ్తది. తూర్పు దిక్కు నీడల కుర్చీ ఆపుకొని పడమటికి చూస్తె ఎదురుంగ ఉన్న రాతి కమాన్ల కింద నడిచెటోళ్లు ఒక్కొక్కలు వెలుగులకొచ్చి నీడలకు పోతరు. లాడ్ బజార్ చార్మినార్ నుంచి పడమటికి పోతది. సాయంత్రం పడమటికి తిరిగితె ఎండ ఎదురొస్తది, మనుషులు నల్లగ వస్తరు. తూర్పుకు తిరిగితె ముఖాల మీద ఎండ, వెనక చార్మినార్.

నేల: చార్మినార్ చుట్టు పరిచిన రాళ్ల నడుమ సందులల్ల ముందు చిన్న చక్రాలు ఇరుకుతయి. నాలుగంగుళాల చక్రమైతె ఖాయంగ ఇరుకుతది. ఇరుకినప్పుడు ముందుకు తోస్తె మనిషి ముందుకు పడ్తడు. వెనక్కి ఒక అడుగు తీస్కొని ముందు చక్రాలు కొంచెం లేపి దాటాలె. పత్తర్‌గట్టి కమాన్ల కింద నీడ బాగుంటది గని దుకాణాల సామాను బయటికొచ్చి ఉంటది. 65 సెం.మీ. వెడల్పు కుర్చీ పట్టని జాగలు చానా ఉన్నయి.

చార్మినార్ పైకి 149 మెట్లు. లిఫ్ట్ లేదు. పైనుంచి తీసే ఫోటో గురించి ఆశ పెట్టుకోకుండ్రి, కింద పని చాలు.

---

విశాఖ_ఫిజియో

శరీరం గురించి రెండు మాటలు. ఫోటోలు తీస్తున్నప్పుడు జనం మరిచిపోయేవి ఇవే.

వెన్నుపూస గాయం ఉన్నవాళ్లు ఒకే చోట కూర్చుని ఎదురుచూడటంలో అసలు ప్రమాదం పుండ్లు. ప్రతి 15 నుంచి 30 నిమిషాలకి ఒకసారి పిరుదుల మీద ఒత్తిడి తీయాలి. చేతుల మీద లేచి నాలుగు సెకన్లు ఆగడం సరిపోదు. ఛాతీని తొడల మీదికి వంచి ఒకటి రెండు నిమిషాలు ఉంటే రక్తం తిరిగి పారుతుంది. ఫ్రేమ్ కోసం కాచుకుని కూర్చున్నప్పుడు టైమ్ తెలియదు. ఫోన్‌లో వైబ్రేషన్ అలారం పెట్టుకోండి.

గాయం టి6 (ఛాతీ భాగంలో ఆరో) పూస దగ్గర గానీ దానికి పైన గానీ ఉంటే గాయం కింది భాగంలో చెమట సరిగా పట్టదు. వేసవి మధ్యాహ్నం ఒంట్లో వేడి పెరిగిపోతుంది, పెరుగుతున్నట్టు ముందుగా తెలియదు. నీళ్ల స్ప్రే సీసా, తడి తువాలు మెడ మీద, పదింటికల్లా నీడలోకి. ఏప్రిల్, మేలలో పొద్దున పూట మాత్రమే పెట్టుకోండి.

చేతితో కుర్చీ తోసుకునేవాళ్లకి భుజాలే కాళ్లు. మెడలో కిలోన్నర కెమెరా, చేతిలో రోజంతా చక్రం కలిస్తే భుజం కండరాలు వాస్తాయి. కెమెరా, లెన్స్ కలిపి అర కిలో దాటకుండా చూసుకోండి. ఇది సౌకర్యం కోసం చెప్పే మాట కాదు. భుజం పోతే మంచం నుంచి కుర్చీలోకి మారడం కూడా పోతుంది.

---

టంకం

> కెమెరా ఎక్కడ బిగించాలి

కుర్చీ పైపులు ఎక్కువగా 22 నుంచి 25 మి.మీ. మందం ఉంటాయి. స్టూడియోల్లో వాడే సూపర్ క్లాంప్ దవడ 13 నుంచి 55 మి.మీ. దాకా పడుతుంది కాబట్టి సరిపోతుంది. దానికి మ్యాజిక్ ఆర్మ్ (ఎటైనా వంచి బిగించే కీళ్ల కడ్డీ). ఏడంగుళాలది తీసుకోండి. పదకొండు అంగుళాలది పొడుగు ఎక్కువై చివర ఊగుతుంది. కెమెరా అడుగున ఉండే రంధ్రం పావు అంగుళం మర, అన్నింటికీ అదే.

ఎక్కడ తప్పు జరుగుతుందంటే: ఊడివచ్చే చేతి ఆనికకి క్లాంప్ బిగిస్తారు. గతుకులో ఆనిక, క్లాంప్, కెమెరా మూడూ కలిసి లేచి వచ్చేస్తాయి. సీటు పక్కన నిలువుగా ఉండే ఫ్రేమ్ పైపుకే బిగించండి. క్లాంప్‌కీ పైపుకీ మధ్య పాత సైకిల్ ట్యూబు ముక్క చుడితే జారదు, పెయింట్ పోదు. క్లాంప్ ఉన్నా సరే కెమెరా పట్టీని ఇంకోచోట కుర్చీకి కట్టి ఉంచాలి. ఒక్క మర మీద నమ్మకం పెట్టుకోకూడదు.

ఇక షటర్ మీట (ఫోటో తీసే బటన్) నొక్కలేనివాళ్ల కోసం. కెనాన్ 1500డి లాంటి వాటికి పక్కన 2.5 మి.మీ. రిమోట్ రంధ్రం ఉంటుంది. లోపల మూడు తీగలు: మొన షటర్‌ది, మధ్య రింగు ఫోకస్‌ది, అడుగు కామన్ (రెండింటికీ ఉమ్మడి). ఫోకస్ తీగని కామన్‌కి తాకిస్తే సగం నొక్కినట్టు, షటర్ తీగని కూడా తాకిస్తే పూర్తిగా నొక్కినట్టు.

కావలసినవి: 2.5 మి.మీ. స్టీరియో జాక్ ఒకటి, 3.5 మి.మీ. మోనో సాకెట్ ఒకటి, మీటరు సన్న తీగ, వీడియో గేమ్ మిషన్లకి వాడే పెద్ద గుండ్రటి బటన్ ఒకటి. కోఠి గుజరాతీ గల్లీలో వెతకండి. జాక్‌లో మొన, రింగు రెండింటినీ కలిపి టంకం పెట్టి సాకెట్ మొనకి, అడుగుని సాకెట్ అడుగుకి కలపాలి. సాకెట్ ఎందుకంటే, వికలాంగుల కోసం అమ్మే స్విచ్చులు, నోటితో ఊదే స్విచ్చులు ఎక్కువ భాగం 3.5 మోనో ప్లగ్గుతోనే వస్తాయి. రేపు బటన్ మార్చినా జాక్ మార్చక్కర్లేదు. బటన్‌ని మోచేతికి, మోకాలికి, గడ్డానికి, తల వెనక్కి, ఎక్కడ కదలిక గట్టిగా ఉంటే అక్కడ పెట్టొచ్చు.

పనిచేయకపోతే: రింగు కలపకుండా మొన ఒక్కటే కలిపితే కొన్ని కెమెరాలు కదలవు. నొక్కాక ఆలస్యంగా తీస్తుంటే ఆటోఫోకస్ వెతుకుతోందని అర్థం. లెన్స్ మీద మాన్యువల్‌కి మార్చి ముందే దూరం పెట్టుకోండి. ఒక నొక్కుకి రెండు మూడు ఫోటోలు పడుతుంటే డ్రైవ్‌ని సింగిల్‌కి మార్చండి. చెయ్యి వణికేవాళ్లకి మెత్తటి బటన్ పనికిరాదు, గట్టి స్ప్రింగ్ ఉన్నది కావాలి.

జేబులో పట్టే కెమెరా రికో జీఆర్ 3కి ఈ రంధ్రం లేదు, కొనేముందు చూసుకోండి.

---

రెండుచక్రాలు

టంకం గారూ, వైరింగ్ భాగం అద్భుతం. క్లాంప్ మీద మాత్రం ఒక అభ్యంతరం. కుర్చీ కదులుతున్నప్పుడు రాళ్ల అదురంతా పైపు గుండా నేరుగా కెమెరాకి వెళ్తుంది. చేతిలో పట్టుకుంటే మోచెయ్యి, భుజం ఆ అదురుని మింగేస్తాయి. క్లాంప్ మీద ఉన్నప్పుడు పూర్తిగా ఆగి, రెండు బ్రేకులూ వేసి, ఒక క్షణం ఆగాకే తీయాలి. కదులుతూ తీయక తప్పకపోతే షటర్ వేగం 1/1000 సెకను పెట్టండి. గాలి టైర్లు గట్టి రబ్బరు టైర్ల కంటే చాలా నయం, పంక్చర్ల బాధ ఉన్నా సరే.

---

టంకం

ఒప్పుకుంటాను, కదులుతూ తీయడానికి క్లాంప్ కాదు. ఇంకోటి, సైడ్ చక్రాల స్కూటీకి ఫోన్ హోల్డర్ బిగించేవాళ్లకి. ఇంజిన్ వైబ్రేషన్ ఎక్కువ కాలం తగిలితే ఐఫోన్ కెమెరాలోని స్టెబిలైజేషన్, ఆటోఫోకస్ దెబ్బతినొచ్చని ఆపిల్ 2021లో తానే హెచ్చరించింది. బండి మీద వెళ్లేటప్పుడు ఫోన్ జేబులో ఉంచండి. బండి మీద కూర్చునే తీయాలనుకుంటే ఇంజిన్ ఆపాకే.

---

ఎడమవాటం

ఒంటి చేతి సంగతి.

కుడి చెయ్యి మాత్రమే పనిచేస్తే సమస్య చిన్నది. రికో జీఆర్ 3 లాంటిది కుడి చేత్తోనే మొత్తం నడుస్తుంది. బ్యాటరీ, కార్డుతో కలిపి 257 గ్రాములు. అందులో స్నాప్ అని ఉంటుంది. దూరాన్ని ముందే 1, 1.5, 2, 2.5, 3.5, 5 మీటర్లలో ఒకటి ఎంచుకుని పెడితే మీటని ఒక్కసారిగా లోపలికి నొక్కగానే ఆ దూరానికి తీసేస్తుంది, ఫోకస్ కోసం వెతకదు. ఎఫ్8 (లెన్స్ రంధ్రం చిన్నగా), స్నాప్ 2 మీటర్లు పెడితే దాదాపు మీటరు దూరం నుంచి వీధి చివర దాకా అంతా స్పష్టంగా ఉంటుంది. ఫుల్‌ఫ్రేమ్ 28 మి.మీ. లెన్స్‌తో ఎఫ్8లో 2.5 మీటర్లకి పెడితే 1.4 నుంచి 10 మీటర్ల దాకా. చెయ్యి వణికేవాళ్లకి, సగం నొక్కి ఆపడం రానివాళ్లకి ఇది చాలా పెద్ద ఊరట. జీఆర్ బ్యాటరీ సుమారు 200 ఫోటోలకే అయిపోతుంది. ఒంటి చేత్తో వీధిలో బ్యాటరీ మార్చడం కష్టం కాబట్టి జేబులో పవర్ బ్యాంక్, చిన్న యూఎస్‌బీ-సీ వైరు పెట్టుకుని చాయ్ తాగే టైమ్‌లో చార్జ్ చేసుకోండి.

ఎడమ చెయ్యి మాత్రమే పనిచేసేవాళ్లకి అసలు చిక్కు. ఎడమ వైపు మీట ఉన్న కెమెరాలు ఒకప్పుడు ఉండేవి. 1936లో జర్మనీలో వచ్చిన కినె ఎక్సాక్టాకి షటర్ మీట, ఫిల్మ్ తిప్పే మీట రెండూ ఎడమవైపే. యాషికా సమురాయ్‌లో ఎడమచేతి వాళ్ల కోసమే ఒక మోడల్ చేశారు. డిజిటల్‌లో ఆ దారి మూసుకుపోయింది.

పనిచేసే ఉపాయం ఇది: కెమెరాని తలకిందులు చేసి ఎడమ చేత్తో పట్టుకోండి. గ్రిప్ ఇప్పుడు ఎడమకి వస్తుంది, షటర్ కిందికి వస్తుంది. నాలుగు వేళ్లు గ్రిప్‌కి ముందు, బొటనవేలు కింద షటర్ మీద. స్క్రీన్‌లో దృశ్యం తలకిందులుగా ఉంటుందేమో అని భయపడతారు. ఉండదు. సెన్సర్, స్క్రీన్ రెండూ కలిసే తిరుగుతాయి కాబట్టి దృశ్యం నిటారుగానే కనిపిస్తుంది, అక్షరాలు, అంకెలే తలకిందులు. కొన్ని కెమెరాల్లో ఫోటో తలకిందులుగా సేవ్ అవుతుంది, ఇంటికొచ్చి ఒకేసారి అన్నీ తిప్పేయొచ్చు. మణికట్టు పట్టీ తప్పనిసరి. ఈ పట్టులో చెమట పడితే కెమెరా జారుతుంది.

ఇది కుదరకపోతే ఎడమ వైపు పిడి ఉన్న ఎల్ ఆకారపు బ్రాకెట్ తీసుకుని, ఫుజీ ఎక్స్100 రకం మర ఉన్న షటర్ బటన్‌కి పాతకాలపు కేబుల్ రిలీజ్ (కొస నొక్కితే షటర్ పడే తీగ) బిగించి, దాని కొసని పిడికి టేపుతో చుట్టండి. బొటనవేలితో నొక్కొచ్చు. 30 సెం.మీ. కేబుల్ చాలు. మరీ గట్టిగా వంచితే లోపలి తీగ ఇరుక్కుని షటర్ పడదు.

ఫోన్‌లో అయితే వాల్యూమ్ బటన్ షటర్‌గా పనిచేస్తుంది. శాంసంగ్ కెమెరా సెట్టింగుల్లో తేలే షటర్ బటన్ ఉంది, దాన్ని స్క్రీన్ మీద ఎడమ బొటనవేలికి అందే చోటికి లాక్కోవచ్చు.

లెన్స్ మార్చడం గురించి అడక్కండి. ఒంటి చేత్తో పాతబస్తీ దుమ్ములో లెన్స్ మార్చకూడదు. ఒకే లెన్స్‌తో వెళ్లి ఒకే లెన్స్‌తో రండి.

---

చంకకర్ర

కర్రలవాళ్ల ఇబ్బంది వేరు. నడుస్తున్నంతసేపు కెమెరా ముట్టుకోలేరు. ఆగాకే పని.

పట్టీని అడ్డంగా వేసుకుంటే కెమెరా తుంటి దగ్గరికి జారి ప్రతి అడుగుకీ కర్రకి కొట్టుకుంటుంది. పట్టీ కురచ చేసి కెమెరా రొమ్ము మీద, బొడ్డుకి జానెడు పైన ఉండేలా చూసుకోవాలి. ఛాతీకి కట్టుకునే హార్నెస్ ఇంకా మేలు, ఊగదు.

ఆగే పద్ధతి: ముందు వీపు గోడకి గానీ స్తంభానికి గానీ ఆనించాలి. తర్వాత ఒక కర్రని చంకలోనే ఉంచి, రెండోదాన్ని గోడకి చేర్చాలి. అప్పుడు కుడి చెయ్యి ఖాళీ అవుతుంది. పత్తర్‌గట్టి స్తంభాలు దీనికి ఎంతో వీలు. కాళ్లకి క్యాలిపర్ (కాలిని నిలబెట్టే ఊత చట్రం) ఉన్నవాళ్లు మోకాలి లాక్ పడిందో లేదో చేత్తో తడిమి చూశాకే కెమెరా తీయాలి, కళ్లు ఫ్రేమ్‌లో ఉన్నప్పుడు మోకాలు మడతపడితే పట్టుకోవడానికి చెయ్యి ఉండదు.

కర్రనే ఒంటికాలి స్టాండ్‌గా వాడొచ్చు. 22 మి.మీ. అల్యూమినియం కర్రకి చిన్న క్లాంప్ పట్టేస్తుంది. శరీరం బరువు మోసే కర్రకి మాత్రం బిగించకండి, బరువు పడ్డప్పుడల్లా ఫ్రేమ్ కదులుతుంది. ఖాళీగా ఉన్న కర్రకే. సర్దుబాటు రంధ్రాలున్న చోట అస్సలు వద్దు.

కింది రబ్బరు బుష్ సంగతి అందరికీ తెలుసనుకుంటాం, ఎవరూ చూసుకోరు. అడుగున వలయాలు అరిగి నున్నగా అయిపోతే తడిసిన రాతి మీద సబ్బులా జారుతుంది. పూలు, కూరగాయల మార్కెట్లలో నేల ఎప్పుడూ తడే: నీళ్లు, ఆకులు, నలిగిన పూలు. కోఠిలో సర్జికల్ షాపుల్లో దొరుకుతుంది. కర్రని వెంట తీసుకెళ్లి కొలత సరిచూసి కొనండి, వదులుగా ఉన్నది బురదలో ఊడిపోతుంది.

ఇంకొకటి, అరగంట కర్రల మీద నడిస్తే అరచేతి నరం నొక్కుకుని వేళ్లు తిమ్మిరెక్కుతాయి. షటర్ ఎంత నొక్కామో తెలియదు. పిడికి స్పాంజి చుట్టండి, ప్రతి పది నిమిషాలకీ ఆగండి. ఎడమవాటం గారు చెప్పిన స్నాప్ పద్ధతి ఇక్కడా సరిగ్గా సరిపోతుంది.

---

మోజంజాహీ

సెట్టింగులు ఒకచోట ఎవరైనా చెప్తారా? వీధిలో డయల్ తిప్పుకుంటూ కూర్చునే వీలు లేనివాళ్ల కోసం.

---

రెండుచక్రాలు

పగలు: ఎఫ్8, ఆటో ఐఎస్ఓ (సెన్సర్ వెలుగుకి స్పందించే స్థాయి), కనీస షటర్ 1/500, ఐఎస్ఓ గరిష్ఠం 6400, ఎక్స్‌పోజర్ మైనస్ 0.7 (ఫోటో కాస్త ముదురుగా), రా (కెమెరా దిద్దని) ఫైలు. కింది నుంచి తీస్తే ఆకాశం ఎక్కువగా పడుతుంది కాబట్టే ఆ మైనస్. దీన్ని ఒక డయల్ స్థానానికి సేవ్ చేయండి.

రాత్రి: ఎఫ్2.8, షటర్ 1/100, ఐఎస్ఓ ఆటో. సరిగ్గా 1/100 అని ఎందుకంటే మన కరెంటు 50 హెర్ట్జ్, దీపాలు సెకనుకి 100 సార్లు మినుకుమంటాయి. లాడ్ బజార్ గాజుల దుకాణాల ఎల్‌ఈడీల కింద 1/500తో తీస్తే ఫోటోలో అడ్డచారలు వస్తాయి, ఒక్కో ఫోటోలో ఒక్కో రంగు. చప్పుడు ఉండదని ఎలక్ట్రానిక్ షటర్ వాడితే చారలు ఇంకా ఎక్కువ. రాత్రి మెకానికల్ షటరే వాడండి. 1/100లో చెయ్యి వణుకు కనిపిస్తుందంటే మోచేతుల్ని కుర్చీ ఆనికల మీద పెట్టి, కెమెరాని పట్టీ బిగుతుగా ఉండేదాకా ముందుకి తోసి పట్టుకోండి.

వణుకు ఎక్కువగా ఉన్నవాళ్లు పగలు 1/1000 పెట్టుకుని నాలుగైదు ఫోటోల బర్స్ట్ (వరసగా, ఆగకుండా) తీయాలి. మొదటిది మీట నొక్కిన కుదుపుతో చెడిపోతుంది, రెండోది, మూడోది నిలుస్తాయి.

---

నలుపుతెలుపు

చేతుల లెక్క మాట్లాడుతున్నాం కాబట్టి చెక్ ఫోటోగ్రాఫర్ యోసెఫ్ సూదెక్ పేరు ఇక్కడ ఉండాలి. మొదటి ప్రపంచ యుద్ధంలో ఇటలీ రణరంగంలో కుడి చెయ్యి పోయింది. ఆ తర్వాత ప్రాగ్ నగరాన్ని దశాబ్దాల పాటు తీశాడు, అదీ చిన్న కెమెరాతో కాదు, చెక్కపెట్టె లాంటి పెద్ద కెమెరాలతో, స్టాండ్ మోసుకుంటూ. వేగం ఆయన లెక్కలో లేదు. ఒకే వంతెన, ఒకే తోట, ఒకే కిటికీ దగ్గరికి మళ్లీ మళ్లీ వెళ్లాడు.

న్యూయార్క్‌లో వీధి ఫోటోగ్రాఫర్ ఫ్లో ఫాక్స్ ఇంకో దారి చూపించింది. ఒక కంటికి పుట్టుకతోనే చూపు లేదు, తర్వాత మల్టిపుల్ స్క్లెరోసిస్ (నరాల జబ్బు) వచ్చింది. చేతులు పనిచేయకుండా పోయాక వీల్‌చెయిర్‌లో తిరుగుతూ తోడున్నవాళ్ల చేత, దారిన పోయేవాళ్ల చేత మీట నొక్కించింది. ఎక్కడ నిలబడాలో, ఏం పట్టాలో ఆవిడే చెప్పేది. 2025లో కన్నుమూసింది.

ఇక్కడ చాలామంది అడిగే ప్రశ్న: వేరేవాళ్లు నొక్కితే ఫోటో ఎవరిది? చూసినవాళ్లది, ఫ్రేమ్ నిర్ణయించినవాళ్లది. మీట నొక్కడం అందులో అన్నిటికంటే చిన్న పని.

---

ఎడమవాటం

దాంతో ఏకీభవిస్తాను, కానీ తోడొచ్చేవాళ్లకి ఇష్టం వచ్చినట్టు తిప్పే స్వేచ్ఛ ఇస్తే ఫోటో చేతులు మారిపోతుంది. "ఇంకాస్త బాగుంటుందని జరిపాను" అంటే అది వాళ్ల ఫోటో. ముందే మాటలు ఖాయం చేసుకోవాలి. ఎడమ, కుడి, పైకి, కిందికి, ఆగు, నొక్కు. ఈ ఆరు తప్ప ఇంకేం వద్దు. "కొంచెం" అన్న మాటకి ఒక కొలత పెట్టుకోండి, నాలుగు వేళ్ల వెడల్పు. ఫ్రేమ్‌ని ఫోన్‌లో లైవ్‌గా చూడగలిగితే ఇంకా మేలు: కెమెరా యాప్‌ని వైఫైతో కలిపి ఫోన్‌ని ఒళ్లో పెట్టుకుంటే చెప్పేవాళ్లకి సరిగ్గా అదే కనిపిస్తుంది. ఈ కనెక్షన్‌తో తెర కాస్త వెనకబడి కదులుతుంది, నడిచేవాళ్లని తీయాలంటే అర అడుగు ముందే నొక్కు అనాలి.

---

చంకకర్ర

కుర్చీ వెనక తోడున్నవాళ్లకి ఇంకో రెండు సూచనలు. మీట పడేటప్పుడు హ్యాండిళ్ల మీద చేతులు ఆనించకూడదు, ఫ్రేమ్ కదులుతుంది. ఒకవేళ దారిన పోయేవాళ్లు వచ్చి "తోయమంటారా" అని హ్యాండిల్ పట్టుకుంటే తోడున్నవాళ్లే మర్యాదగా ఆపాలి. ఫ్రేమ్‌లో కన్ను పెట్టిన మనిషిని వెనక నుంచి తోయడం ప్రమాదం. మాట్లాడటానికి కన్ను తీయక్కర్లేకుండా చెయ్యి పైకెత్తడం ఒక గుర్తుగా పెట్టుకుంటే చాలు.

---

పత్తర్‌గట్టి

జనం గురించి అసలు ముచ్చట ఇది. కుర్చీల పోతె అందరు చూస్తరు. కనబడకుంట తీసుడు అనేది మనకు లేదు. అందుకే ఎంబడి పడి తీసుడు మానుకొని, జాగ పట్టుకొని కూసోవాలె. ఒక కమాను, ఒక చాయ్ బండి, ఒక మలుపు. మొదటి పది నిమిషాలు అందరు మన దిక్కే చూస్తరు. ఇరవై నిమిషాలైనంక మనం ఆ దుకాణం ముంగట స్టూలు లెక్క అయిపోతం. అప్పుడు అసలు ఫోటో మొదలైతది.

జాగ ఎట్ల ఎంచుకోవాలె: వీపుకు గోడ ఉండాలె, లేకపోతె ఎవలో ఒకలు తగుల్తరు. ముంగట మూడు మీటర్ల ఖాళీ. నేల సమానం, బ్రేక్ వేసినా జారని జాగ. వెలుగు, నీడ కలిసే గీత ఎదురుంగ. పక్కన దుకాణమాయనను ముందే అడగాలె, "భాయ్, ఇక్కడ కాసేపు కూసుంట" అని. ఆయన ఒప్పుకున్నంక గల్లీ మొత్తం ఒప్పుకున్నట్టే. ఎవలన్న "ఫోటో కైకు?" అంటె తీసింది చూపెట్టుండ్రి, వద్దంటె ఆళ్ల ముంగటనే తీసేయుండ్రి. ఇంకో మాట, బిచ్చమెత్తుకునే వికలాంగులను అడగకుంట తీయొద్దు. కుర్చీల ఉన్నోళ్లు తీసినా అదే లెక్క.

రంజాన్ రాత్రిళ్లు చార్మినార్ కాడ కుర్చీ తిరగది, ఒట్టిగ చెప్తలేను. వెనక్కి తిరుగుదామన్నా జాగ ఉండదు. ఇఫ్తార్‌కు గంట ముంగట పోయి, గుల్జార్ హౌజ్ కాడ గోడ పట్టుకొని, చీకటి పడంగనే బయటికి రావాలె.

---

టంకం

చార్మినార్ పురావస్తు శాఖ కట్టడం. దాని ఆవరణలో స్టాండ్ వాడటానికి అనుమతి కావాలి. కుర్చీకి బిగించిన క్లాంప్‌ని స్టాండ్ అంటారా లేదా అన్నది గేటు దగ్గర గార్డు మీద ఆధారపడుతుంది. వాదన పెట్టుకునే బదులు టికెట్ గేటు దాకా మ్యాజిక్ ఆర్మ్ విప్పి సంచిలో పెట్టుకోండి. బయట వీధిలో ఈ బాధ లేదు.

---

మోజంజాహీ

గట్లు ఎక్కడం గురించి ఎవరూ రాయలేదు. దుకాణం వాళ్లు వేసే చెక్క పలకలు వాడొచ్చా?

---

రెండుచక్రాలు

ర్యాంప్ వాలు 1:12 ఉండాలన్నది ప్రమాణం. 15 సెం.మీ. గట్టుకి 1.8 మీటర్ల పలక కావాలి. దుకాణాల ముందు వేసేవి మీటరు కూడా ఉండవు, అంటే దాదాపు రెట్టింపు నిటారు. ఎక్కేటప్పుడు ముందుకి వంగి, కెమెరా ఒళ్లో కాకుండా సీటు కింద పెట్టి, ఒకరు వెనక ఉండగానే ఎక్కండి. దిగేటప్పుడు వెనక్కి తిరిగి దిగండి. పలక కింద ఇటుక ఉందో లేదో చూడండి. మధ్యలో ఆధారం లేని ప్లైవుడ్ విరుగుతుంది.

కుర్చీకి ముందు తగిలించే మోటారు బండ్లు ఇప్పుడు వచ్చాయి. ఐఐటీ మద్రాస్‌లో పుట్టిన నియోబోల్ట్ అలాంటిదే, గంటకి 25 కి.మీ. దాకా వెళ్తుంది. ముందు చిన్న చక్రాలు నేలకి తగలవు కాబట్టి రాళ్ల సందుల సమస్య పోతుంది. కానీ పొడవు పెరుగుతుంది, గల్లీలో తిరగదు. బజారు మొదట్లో విప్పి, తెలిసిన దుకాణంలో పెట్టి, లోపలికి చేత్తో వెళ్లడమే పద్ధతి.

చేతులు చక్రం రిమ్ము మీద ఉంటాయి, ఆ మట్టి అంతా లెన్స్ మీదికి, సెన్సర్ మీదికి చేరుతుంది. తోసేటప్పుడు గ్లవ్స్, తీసేటప్పుడు కుడి చూపుడు వేలు కొస కత్తిరించిన గ్లవ్. మామూలు గ్లవ్‌తో టచ్ స్క్రీన్ పనిచేయదు. లెన్స్‌కి ముందు ఒక యూవీ ఫిల్టర్ పెడితే తుడవడానికి భయపడక్కర్లేదు.

---

విశాఖ_ఫిజియో

బయల్దేరే ముందు టాయిలెట్ ఎక్కడుందో తెలుసుకోండి. పాతబస్తీలో కుర్చీ పట్టే టాయిలెట్ దొరకడం కష్టం. కాథెటర్ (మూత్రం తీసే గొట్టం) వాడేవాళ్లు నాలుగు గంటలకోసారి మూత్రం తీసే లెక్కన బయటి సమయాన్ని రెండున్నర గంటలకి పరిమితం చేసుకుంటే రానుపోను ప్రయాణం సరిపోతుంది. నీళ్లు తాగడం మానేయడం దీనికి పరిష్కారం కాదు, ఎండలో అది ఇంకో ప్రమాదం.

---

టంకం

క్లాంప్ వదులవుతోందని ఇద్దరు విడిగా అడిగారు, ఇక్కడే చెప్పేస్తా. గతుకుల అదురుకి మర మెల్లగా తిరుగుతుంది, అరగంటకోసారి చేత్తో తడిమి చూడండి. మ్యాజిక్ ఆర్మ్ మధ్య మరని బిగించేటప్పుడు కెమెరాని రెండో చేత్తో ఎత్తి పట్టుకుని బిగిస్తే గట్టిగా పడుతుంది. బరువు వేలాడుతుండగా బిగిస్తే సగమే పడుతుంది. ఒంటి చేతివాళ్లు కెమెరాని ఒళ్లో ఆనించి, బరువు తొడ మీద ఉండగా బిగించాలి. కెమెరా అడుగున పెట్టే పలక మర కూడా వదులవుతుంది, దానికి సరిపోయే అలెన్ కీ ఒకటి సీటు కింది నెట్‌లో ఎప్పుడూ ఉంచండి.